చీట్ డివైస్ కొనేముందు కోడ్ చూడండి

పాత గేమ్ కన్సోల్‌కి చీట్ డివైస్ (కోడ్ పెడితే లైఫ్‌లు తరగకుండా చేయడం లాంటి మార్పులు ఆటలో తెచ్చే పరికరం) కొందామనుకునేవాళ్లు నన్ను ముందుగా అడిగేది "ఏది మంచిది?" అని. గేమ్ జీనీయా, యాక్షన్ రీప్లేనా, గేమ్‌షార్కా? నేను జవాబు చెప్పకుండా ఎదురు ప్రశ్న వేస్తాను: "మీరు వాడాలనుకుంటున్న కోడ్ ఒకటి చూపించండి." కోడ్ చూస్తే అది ఏ డివైస్‌ది, ఏ కన్సోల్‌ది, పెడితే లోపల ఏం జరుగుతుంది, ఎక్కడ తేడా కొడుతుంది అన్నది చాలావరకు తెలిసిపోతుంది. పేర్లను నమ్ముకుంటే తికమకే. యాక్షన్ రీప్లే ఇంగ్లండ్‌లోని డాటెల్ కంపెనీది. అదే సరుకును అమెరికాలో ఇంటరాక్ట్ కంపెనీ గేమ్‌షార్క్ పేరుతో అమ్మింది. పెట్టె మీద రంగు, పేరు వేరు, లోపల పని ఒకటే.

పేర్లు ఎన్ని ఉన్నా జాతులు రెండే. ఒకటి కార్ట్రిడ్జ్‌లోని రోమ్ (గేమ్ ప్రోగ్రామ్ ఉండే మెమరీ) చెప్పే మాటను మార్చేది. రెండోది కన్సోల్‌లోని ర్యామ్‌లో (ఆట నడుస్తుండగా లైఫ్‌ల లాంటి లెక్కలు దాచుకునే మెమరీలో) తనకు కావలసిన అంకెను రాస్తూ కూర్చునేది. ఈ తేడా పట్టుకుంటే మిగతాదంతా చేతికి అందుతుంది. అందుకే కొనడం, తగిలించడం సంగతి కాస్త ఆగి చెబుతాను.

మొదటి జాతికి అసలైన ఉదాహరణ గేమ్ జీనీ. రూపొందించింది ఇంగ్లండ్‌కే చెందిన కోడ్‌మాస్టర్స్. ఎన్‌ఈఎస్ (నింటెండో పాత కన్సోల్) కోసం దాన్ని అమెరికాలో గాలూబ్, కెనడాలో కామెరికా మార్కెట్లోకి తెచ్చాయి. ఇది కార్ట్రిడ్జ్‌కీ కన్సోల్‌కీ మధ్యలో కూర్చుంటుంది. కన్సోల్ "ఫలానా అడ్రస్‌లో ఏముంది?" అని కార్ట్రిడ్జ్‌ని అడిగిన ప్రతిసారీ ఆ ప్రశ్న దీని చెవిన పడుతుంది. మీరిచ్చిన అడ్రస్ వచ్చినప్పుడు మాత్రం కార్ట్రిడ్జ్ జవాబును ఆపి, మీరిచ్చిన జవాబు చెబుతుంది. మిగతా సమయమంతా నోరు మెదపదు.

సూపర్ మారియో బ్రదర్స్‌కి బాగా పేరున్న కోడ్ ఒకటుంది: ఎస్ ఎక్స్ ఐ ఓ పి ఓ. పెడితే లైఫ్‌లు తరగవు. ఈ ఆరు అక్షరాలను విప్పితే వచ్చేవి రెండే: అడ్రస్ 91డి9, విలువ ఏడి. రెండూ హెక్స్ అంకెలు, అంటే 0 నుంచి 9, ఆపై ఏ నుంచి ఎఫ్ వరకు వాడే పదహారు గుర్తుల లెక్క. కార్ట్రిడ్జ్‌లో ఆ చోట అసలు ఉన్న విలువ సిఇ. ఆ ప్రాసెసర్‌కి సిఇ అంటే "పక్కన చెప్పిన చోట ఉన్న అంకెలోంచి ఒకటి తగ్గించు" అని. ఏడి అంటే "ఆ అంకెను ఊరికే చదువు" అని. మారియో చనిపోగానే లైఫ్ తగ్గించాల్సిన ఆజ్ఞ కాస్తా చదవడంతో సరిపెట్టుకుంటుంది. ఆ వెంటనే గేమ్ "ఇంకా మిగిలాయా?" అని చూసుకుంటుంది. మిగిలే ఉంటాయి కాబట్టి ఆట సాగిపోతుంది. మారింది ఒక్క బైటు (రెండు హెక్స్ అంకెలంత). నాకు ఈ కోడ్ అంటే ఇప్పటికీ ముచ్చటే.

ఇక్కడ గమనించాల్సింది, లైఫ్ తగ్గడం ఆగింది గానీ పెరగడం ఆగలేదు. పచ్చ పుట్టగొడుగు తింటే మామూలుగానే ఒకటి కలుస్తుంది.

రెండో జాతి ఇలా ఉండదు. సూపర్ నింటెండోలో సూపర్ మారియో వరల్డ్‌కి ప్రో యాక్షన్ రీప్లే కోడ్ చూడండి: 7ఇ0డిబిఇ05. మొదటి ఆరు అంకెలు ర్యామ్‌లో అడ్రస్, చివరి రెండు విలువ. ఇందులో విప్పడానికేమీ లేదు, ఉన్నది ఉన్నట్టే. టీవీ తెర మీద ఒక్కో ఫ్రేమ్ పూర్తయినప్పుడల్లా డివైస్ ఆ చోట 05 రాస్తుంది, అంటే సెకనుకు దాదాపు 60 సార్లు, పాల్ (యూరప్ టీవీ పద్ధతి) కన్సోళ్లలో 50 సార్లు. గేమ్ అక్కడ లైఫ్‌ల సంఖ్యను ఒకటి తక్కువగా దాచుకుంటుంది కాబట్టి మీకు తెర మీద 6 కనిపిస్తుంది. చనిపోయినా 6, కష్టపడి వన్-అప్ (అదనపు లైఫ్) తెచ్చుకున్నా 6. గేమ్ తన పని తాను చేస్తూనే ఉంటుంది, డివైస్ వెనకాలే వచ్చి చెరిపేస్తూ ఉంటుంది.

కోడ్ చూసి పోల్చుకోవడం

అన్నీ అక్షరాలే ఉండి, ఒక్క అంకె కూడా లేకుండా ఆరో ఎనిమిదో ఉంటే అది ఎన్‌ఈఎస్ గేమ్ జీనీ కోడ్. అందులో వాడేవి 16 అక్షరాలే: ఏ, పి, జెడ్, ఎల్, జి, ఐ, టి, వై, ఇ, ఓ, ఎక్స్, యు, కె, ఎస్, వి, ఎన్. ఇదే వరసలో వాటికి 0 నుంచి 15 వరకు విలువలు. ఈ వరసలో లేని అక్షరం కనిపిస్తే కోడ్ రాసినవాళ్లు ఎక్కడో పొరబడ్డారన్నమాట. మూడో అక్షరం మీద కూడా ఓ కన్నేయండి. అది మొదటి ఎనిమిదిలోది అయితే కోడ్ ఆరక్షరాలది, తర్వాతి ఎనిమిదిలోది అయితే ఎనిమిదక్షరాలది. మూడో చోట కె ఉన్న ఆరక్షరాల కోడ్ ఎవరైనా ఇచ్చారంటే చివర రెండు అక్షరాలు దారిలో రాలిపోయాయని అర్థం.

ఎనిమిదక్షరాలు ఎందుకంటే, పెద్ద గేమ్‌లలో రోమ్ మొత్తం ఒకేసారి ప్రాసెసర్‌కి కనిపించదు. ముక్కలు ముక్కలుగా మారుతూ ఒకే అడ్రస్‌లోకి వస్తుంటాయి. ఆరక్షరాల కోడ్ అయితే ఏ ముక్క వచ్చినా మార్చేస్తుంది, సంబంధం లేని చోట ఆట కుప్పకూలుతుంది. ఎనిమిదక్షరాల కోడ్‌లో "అక్కడ అసలు విలువ ఇది అయితేనే మార్చు" అన్న షరతు కూడా ఉంటుంది.

సూపర్ నింటెండోలో రెండు జాతులకూ ఎనిమిదేసి హెక్స్ అంకెలే, కానీ జీనీ కోడ్‌కి మధ్యలో అడ్డగీత ఉంటుంది. గీత లేకుండా 7ఇ తోనో 7ఎఫ్ తోనో మొదలైతే అది యాక్షన్ రీప్లేది, ఎందుకంటే ఆ కన్సోల్ ర్యామ్ 128 కిలోబైట్లూ ఉండేది ఆ రెండింటి కిందే. సేగా జెనిసిస్ జీనీ కోడ్‌కీ మధ్యలో గీత ఉంటుంది గానీ అక్షరాలూ అంకెలూ కలిపి 32 గుర్తులు వాడుతుంది. ఐ, ఓ, క్యూ, యు అందులో ఉండవు.

దీని వల్ల ఇంకో లాభం ఉంది. చేత్తో రాసుకున్న కాగితాల్లో సున్నాకీ ఓకీ తేడా తెలియక జనం జుట్టు పీక్కుంటారు. ఎన్‌ఈఎస్ జీనీ కోడ్‌లో సున్నా అనేదే లేదు, కాబట్టి అది ఓ. గేమ్‌షార్క్, యాక్షన్ రీప్లే హెక్స్ కోడ్‌లలోనూ జెనిసిస్ జీనీలోనూ ఓ ఉండదు, కాబట్టి అది సున్నా. హెక్స్‌లో బి, 8 మాత్రం రెండూ ఉంటాయి. అక్కడ మాత్రం రెండు రకాలుగానూ పెట్టి చూడాల్సిందే.

తగిలించడం

కరెంటు ఆపి ఉన్నప్పుడే తగిలించండి, ఆపాకే తీయండి. అంతకన్నా ముందు అంచులు శుభ్రం చేయండి. దూది పుల్లని 99 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో కొద్దిగా తడిపి, కార్ట్రిడ్జ్ అంచు మీదున్న బంగారు రంగు పిన్నులను తుడవండి. డివైస్‌కి రెండు వైపులుంటాయి, కన్సోల్‌లోకి వెళ్లే అంచు ఒకటి, కార్ట్రిడ్జ్ కూర్చునే గాడి ఒకటి. ఆ గాడిని చాలామంది మర్చిపోతారు. నా టేబుల్ మీదికి "పాడైపోయింది" అంటూ వచ్చే డివైస్‌లలో ఎక్కువ వాటి జబ్బు ఆ గాడిలోని మురికే. ఆల్కహాల్ పూర్తిగా ఆరాకే పెట్టండి. గాడిలోకి నోటితో ఊదకండి, ఉమ్మితో పిన్నులు తుప్పు పడతాయి.

ఎన్‌ఈఎస్ జీనీతో ప్రత్యేకంగా ఒక జాగ్రత్త. దాని బోర్డు మామూలు కార్ట్రిడ్జ్ బోర్డు కన్నా మందం. ముందు నుంచి పెట్టే ఎన్‌ఈఎస్‌లోని 72 పిన్నుల కనెక్టర్‌ని అది వెడల్పు చేసేస్తుంది. అలా కొంతకాలం వాడితే జీనీ లేకుండా మామూలు గేమ్‌లు సరిగా పట్టవు. ఆడటం అయ్యాక తీసి పక్కన పెట్టండి, కన్సోల్‌లోనే వదిలేయకండి. పెట్టినప్పుడు ట్రేని కిందికి నొక్కకూడదు, తిన్నగా తోసి వదిలేయాలి. పైనుంచి పెట్టే ఎన్‌ఈఎస్ మోడల్‌లో జీనీ నేరుగా పట్టదు, దానికి వేరే అడాప్టర్ కావాలి.

పరీక్షించడానికి నేను పెట్టుకున్న వరస ఇది, దీన్ని దాటనివ్వను. ముందు డివైస్ లేకుండా గేమ్ ఒక్కటే పెట్టి చూడాలి. తర్వాత డివైస్‌తో, కానీ ఏ కోడూ లేకుండా. తర్వాత ఒకే ఒక్క కోడ్‌తో. అది పనిచేశాక రెండోది. అన్నీ ఒకేసారి కొట్టేసి తెర నల్లగా అయిపోతే తప్పు గేమ్‌దా, గాడిదా, కోడ్‌దా అని ఏం తేలుతుంది? ఎన్‌ఈఎస్ జీనీ ఎటూ మూడు కోడ్‌లకు మించి తీసుకోదు, సూపర్ నింటెండో, జెనిసిస్ జీనీలు అయిదు. జీనీ తెర వచ్చాక దిక్కుల బటన్‌తో అక్షరాలు ఎంచుకుని కోడ్ నింపి స్టార్ట్ నొక్కడమే. సూపర్ నింటెండో జీనీకి పక్కన ఒక స్విచ్ ఉంటుంది. ఆట మధ్యలో కోడ్‌లను ఆపడానికీ మళ్లీ వేయడానికీ అది బాగా పనికొస్తుంది. టైటిల్ దగ్గర గేమ్ ఆగిపోతుంటే స్విచ్ ఆపి మొదలుపెట్టి, ఆటలోకి వెళ్లాక వేసి చూడండి.

అక్షరం మార్చి చూడటం

పుస్తకంలో ఉన్న కోడ్‌లే వాడాలని లేదు. సూపర్ మారియో బ్రదర్స్‌లోనే ఏ ఏ టి ఓ జెడ్ ఏ అని పెడితే ఆట ఒక్క లైఫ్‌తో మొదలవుతుంది. మొదటి అక్షరాన్ని ఐ చేస్తే ఆరు లైఫ్‌లు. ఎందుకో ఇప్పుడు మీకే తెలుస్తుంది: పై వరసలో ఐ విలువ 5, గేమ్ ఒకటి తక్కువగా దాచుకుంటుంది కాబట్టి 6. జి పెడితే 5, వై పెడితే 8. ఎన్‌ఈఎస్ కోడ్‌లో మొదటి అక్షరం మొత్తం విలువకే చెందుతుంది, అడ్రస్ జోలికి పోదు. అందుకే దాన్ని ఎంత తిప్పినా మీరు అదే చోట ఉంటారు. చివరి అక్షరాన్ని ఏ నుంచి ఇ చేస్తే విలువకి 8 కలిసి 9 లైఫ్‌లు వస్తాయి. మధ్యలో అక్షరాలు తిప్పితే మాత్రం అడ్రస్ మారిపోతుంది, అప్పుడు ఏమైనా జరగొచ్చు. రంగులు తారుమారవుతాయి, సంగీతం పిచ్చెక్కుతుంది, ఎక్కువసార్లు ఆట బిగుసుకుపోతుంది. కరెంటు ఆపి మళ్లీ వేస్తే అంతా మామూలే.

ఇలా అంతా మామూలైపోవడమే ఒకప్పుడు కోర్టులో వాదన అయింది. గేమ్ జీనీ మీద నింటెండోకీ గాలూబ్‌కీ మధ్య నడిచిన కేసులో, 1992లో అమెరికా తొమ్మిదో సర్క్యూట్ అప్పీలు కోర్టు గాలూబ్ వైపే నిలిచింది. జీనీ గేమ్‌కి నకలేమీ తయారుచేయదు, శాశ్వతంగా దేన్నీ మార్చదు అన్నది అందులో ముఖ్యమైన సంగతి.

సేవ్ ఉన్న గేమ్‌లతో జాగ్రత్త

ర్యామ్ జాతి దగ్గరికి వచ్చేసరికి "శాశ్వతంగా మార్చదు" అన్న ధీమా పనికిరాదు. ర్యామ్‌లో రాసిన అంకెను గేమ్ తన సేవ్‌లోకి ఎక్కించుకుంటే, డివైస్ తీసేసినా అది అక్కడే ఉంటుంది. పోకెమాన్ రెడ్, బ్లూ ఆడేవాళ్లు గేమ్ బాయ్ గేమ్‌షార్క్‌తో ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే.

ఆ కోడ్‌ల కట్టుబడి తేలిక. 01 99 47 డి3 తీసుకోండి. 01 కోడ్ రకం, 99 విలువ, చివరి రెండు జతలు అడ్రస్, కానీ వెనక నుంచి ముందుకు. అంటే అడ్రస్ డి347. డబ్బు మూడు బైట్లలో ఉంటుంది కాబట్టి 47, 48, 49 మూడు కోడ్‌లూ కలిపి పెడితే 999999. ఒక్కటే పెడితే మొదటి రెండు అంకెలే మారతాయి. ఇది నిశ్చింతగా సేవ్ చేసుకోదగ్గ కోడ్. అడవిలో ఎదురయ్యే పోకెమాన్‌ని మార్చే 01 15 డి8 సిఎఫ్ (15 అంటే మ్యూ అనే పోకెమాన్) అలా కాదు. పట్టుకోగానే ఆపేయాలి. గోడల్లోంచి నడిపించే 01 01 38 సిడి ఇంకా ప్రమాదం. గోడ మధ్యలో నిలబడి సేవ్ చేస్తే, కోడ్ తీసేశాక బయటికి వచ్చే దారి ఉండకపోవచ్చు. మా తమ్ముడి కొడుక్కి నేను పెట్టిన షరతు ఒకటే: కోడ్ నడుస్తుండగా మామూలు నేల మీద ఉంటే తప్ప సేవ్ నొక్కకూడదు. వాడు వింటాడా అంటే, అది వేరే కథ.

ఇంకో సంగతి. ఇవి రెడ్, బ్లూకే. ఎల్లో వెర్షన్‌లో డబ్బు అడ్రస్ ఒకటి వెనక్కి, డి346కి జరిగింది. ఒకే గేమ్ అనిపించినా వెర్షనూ భాషా మారితే అడ్రస్ జరుగుతుంది. కోడ్ పనిచేయలేదంటే డివైస్‌ని తిట్టే ముందు కార్ట్రిడ్జ్ ఏ దేశానిదో చూడండి.

ప్లేస్టేషన్, నింటెండో 64

రెండింటి గేమ్‌షార్క్ కోడ్‌లూ చూడటానికి కవలలు. ఎనిమిది అంకెలు, ఖాళీ, నాలుగు అంకెలు. కానీ ప్లేస్టేషన్‌లో 80తో మొదలైతే రెండు బైట్లు రాస్తుంది, ఒక బైటుకి 30. నింటెండో 64లో 80 అంటే ఒక బైటే, రెండు బైట్లకు 81. డి0తో మొదలయ్యే లైన్ షరతు. "ఫలానా చోట ఫలానా విలువ ఉంటేనే కింది లైన్ అమలు చెయ్యి" అని దానర్థం. ఏదో బటన్ నొక్కినప్పుడే పనిచేసే కోడ్‌లన్నీ ఇలాగే కడతారు. కాబట్టి ఆ రెండు లైన్లనూ విడదీయకండి, వరస మార్చకండి.

ప్లేస్టేషన్ వెనక పేరలల్ పోర్ట్ (డివైస్ తగిలించే సాకెట్) ఉందో లేదో చూసుకున్నాకే కార్ట్రిడ్జ్ రకం గేమ్‌షార్క్ కొనండి. 900x వరస మోడళ్ల నుంచి సోనీ ఆ పోర్ట్ తీసేసింది, చిన్న పీఎస్‌వన్‌లోనూ లేదు. వాటికి డిస్క్ రకమే గతి.

నింటెండో 64ది వేరే తలనొప్పి. ప్రతి కార్ట్రిడ్జ్‌లో ఒక తాళం చిప్ ఉంటుంది, అందులో కొన్ని రకాలున్నాయి. గేమ్‌షార్క్ మామూలుగా సూపర్ మారియో 64 లాంటి వాటిలోని రకానికి సరిపోయేలా ఉంటుంది. జెల్డా ఒకరీనా ఆఫ్ టైమ్ చిప్ వేరు. నేరుగా పెడితే తెర నల్లగానే ఉంటుంది. ముందు మారియోతో తెరిచి, మెనూలో కీ కోడ్ (చిప్ రకానికి సరిపోయే కోడ్) మార్చి, కరెంటు ఆపి, అప్పుడు జెల్డా పెట్టాలి. డివైస్ తన మెమరీలో ఏదైనా రాసుకుంటున్నప్పుడు కరెంటు తీశారో, అది మళ్లీ లేవకపోవచ్చు.

గేమ్ బాయ్ అడ్వాన్స్ గురించి ఒక్క మాట చాలు. అక్కడ కోడ్‌లు ఎన్‌క్రిప్ట్ అయి ఉంటాయి, యాక్షన్ రీప్లే మూడో వెర్షన్ కోడ్ పాత వెర్షన్‌లో పనిచేయదు. మాస్టర్ కోడ్ (మిగతా కోడ్‌లు పనిచేయడానికి ముందుగా కావలసినది) అడిగితే దాన్ని ముందు పెట్టాలి.

సొంతంగా వెతకడం

కొత్త కోడ్‌లు వెతకడం డివైస్ మీదకన్నా ఎమ్యులేటర్‌లో (కంప్యూటర్ మీద కన్సోల్‌లా పనిచేసే ప్రోగ్రామ్‌లో) తేలిక. ఎన్‌ఈఎస్‌కి మెసెన్ గానీ ఎఫ్‌సిఇయుఎక్స్ గానీ తీసుకోండి. కన్సోల్ ర్యామ్ రెండే కిలోబైట్లు, అంటే వెతకాల్సింది 2048 చోట్లు మాత్రమే. ర్యామ్ సెర్చ్ తెరిచి, ఒక లైఫ్ పోగొట్టుకుని "తగ్గినవి" అని వడకట్టండి. కాసేపు ఏమీ కోల్పోకుండా ఆడి "మారనివి" అని వడకట్టండి. మళ్లీ ఒకటి పోగొట్టుకోండి. జాబితా చకచకా చిక్కిపోతుంది. తెర మీదున్న అంకెనే నేరుగా వెతికితే దొరక్కపోవచ్చు, చాలా గేమ్‌లు ఒకటి తక్కువగా దాచుకుంటాయని పైన చూశాం కదా.

అలా దొరికిన ర్యామ్ అడ్రస్‌ని ఎన్‌ఈఎస్ జీనీలో పెట్టలేరు. అది చూడగలిగేది 8000 నుంచి పైనున్న కార్ట్రిడ్జ్ అడ్రస్‌లనే. ర్యామ్ కన్సోల్ లోపల ఉంటుంది, ఆ రాకపోకలు దాని దాకా రావు. కాబట్టి ఇంకో మెట్టు ఎక్కాలి. ఎమ్యులేటర్‌లోని డీబగ్గర్‌లో (గేమ్ ఆజ్ఞలను ఒక్కొక్కటిగా చూపించే పరికరంలో) ఆ ర్యామ్ అడ్రస్ మీద రైట్ బ్రేక్‌పాయింట్ (అక్కడ ఏదైనా రాసినప్పుడు ఆపే గుర్తు) పెట్టి లైఫ్ పోగొట్టుకోండి. దాన్ని తగ్గించే ఆజ్ఞ దగ్గర ఆట ఆగుతుంది. ఆ ఆజ్ఞ సిఇ అయితే దాని స్థానంలో ఏడి. ఎఫ్‌సిఇయుఎక్స్‌లోనే జీనీ అక్షరాలుగా మార్చే పరికరం ఉంది. గేమ్ పెద్దదైతే అసలు విలువను కూడా ఇచ్చి ఎనిమిదక్షరాల కోడ్ తీసుకోండి.

నింటెండో 64లో డివైస్ మీదే వెతకాలంటే గేమ్‌షార్క్ ప్రో, దానికి తోడు ఎక్స్‌పాన్షన్ ప్యాక్ (అదనపు మెమరీ) కావాలి. సూపర్ నింటెండోకి అయితే ఎమ్యులేటర్‌లో దొరికిన 7ఇ అడ్రస్‌కి చివర విలువ తగిలించి యాక్షన్ రీప్లేలో నేరుగా కొట్టేయొచ్చు.

ఇక కొనడం. పాతది కొనేటప్పుడు గాడి లోపలి ఫోటో అడగండి, ఇవ్వనంటే వదిలేయండి. ఒకతను "పనిచేస్తుంది" అని అమ్మిన గేమ్‌షార్క్‌లో పిన్నులు రెండు పక్కకి వంగి ఒకదానికొకటి ఆనుకుని వచ్చాయి. అలాంటిదాన్ని చూడకుండా కన్సోల్‌లో పెడితే షార్ట్ అయ్యే అవకాశం ఉంది. మీ దగ్గర ఇప్పటికే ఎవర్‌డ్రైవ్ ఎన్8 లాంటి ఫ్లాష్ కార్ట్ (మెమరీ కార్డు నుంచి గేమ్‌లు నడిపే కార్ట్రిడ్జ్) ఉంటే విడిగా జీనీ అక్కర్లేదు, దాని మెనూలోనే జీనీ కోడ్‌లు పెట్టుకోవచ్చు, 72 పిన్నుల కనెక్టరూ బతుకుతుంది.